వడ్డికాసులవాని ఋణపత్రము

పద్మావతీ పరిణయమునకై శ్రీనివాసుడు కుబేరునివద్ద ఋణము గొని పత్రము వ్రాసియిచ్చెనని ఐతిహ్యము. కలియుగాంతము వరకు తీరునది వడ్డి మాత్రమేనట! హుండీలో ముడుపులు వేయు మనము ఈ లెక్కను మన ఇండ్లలో ఎన్నడైన చూచుకొంటిమా?

లింగంపేట నాగన్న బావి మెట్లు దిగుట సులభము. నిండు కడవతో ఎక్కుటయే ప్రయాసము. ఇల్లు కుదువపెట్టి తెచ్చిన సొమ్మును అట్టిదే. పది లక్షలు, సాలుకు నూటికి 9 వడ్డి, 20 ఏండ్ల గడువు అనుకొందము. నెలకు కిస్తీ 8,997 రూపాయలు. మొదటి నెలలో ఇందు 7,500 వడ్డికే పోవును. అసలులో తరుగునది 1,497 మాత్రమే! గడువు ముగియునప్పటికి కట్టినది 21,59,000 పైచిలుకు. గడువు 15 ఏండ్లైనచో కిస్తీ 10,143. మొత్తము 18,26,000 లోపే. నెలకు 1,146 రూపాయలు ఓర్చుకొన్నవారికి మూడు లక్షల ముప్పది మూడు వేలు మిగులును.

స్వామికి యుగమంత వ్యవధి కలదు. మనకో, ఉద్యోగ విరమణలోపల తీరని కిస్తీ కుమారుని భుజముపై పడును. మారుచుండు వడ్డి గల గృహఋణమును ముందుగా తీర్చినవారినుండి అపరాధరుసుము గొనరాదని రిజర్వు బ్యాంకు 2012లోనే బ్యాంకులను ఆదేశించినది. చేవ్రాలు చేయుటకు ముందు కిస్తీని మాత్రమే గాక, కడకు చెల్లించు మొత్తమునుగూడ అడిగి వ్రాయించుకొనుడు.