నిందకు ముందు విచారణ

ఉయ్యూరున వీరమ్మ తల్లి తిరునాళ్ళు ఏటేట మాఘమాసమున 15 దినములు జరుగును. జనము మ్రొక్కులు చెల్లించుకొని యిండ్లకు మరలిన పిమ్మట, తెల్లవాఱకమునుపే చీపుళ్ళు పట్టి వీధులను శుభ్రపఱచువారిని మనలో నెందఱు తలంతురు? మన పట్టణములలో నిట్టి పనివారు పెక్కుమంది ఖాయపు కొలువు లేక, కాంట్రాక్టుపైననో ఏజెన్సీ మూలముననో పనిచేయువారే.

వారిలో నొకతెపై నెవరో ఫిర్యాదు చేసిరనుకొందము. మఱునాటి హాజరుపట్టీలో నామె పేరుండదు. ఆఫీసువారు ఏజెన్సీవారిని, ఏజెన్సీవారు ఆఫీసువారిని చూపుదురు. తుదకు "నీ గడువు తీరినది" యని సమాధానము వచ్చును. ఇట్టి తొలగింపు ధర్మమగునా?

గడువు తీరుట దోషము కాదు. పని లేనప్పుడు పనివారిని తగ్గించుటయు నన్నివేళల నధర్మము కాదు. కాని మనసున నేరము మోపి, కాగితముపై గడువని వ్రాయుట యసత్యము. గడువు తీరినవారు కొలువును మాత్రమే కోల్పోవుదురు. నింద పడినవారు కొలువుతోపాటు పేరును గూడ కోల్పోవుదురు. "ఏదో చేసియుండును, లేకున్న నేల తీసివేయుదురు?" అను మాట యూరిలో మిగులును. దానికి బదులు చెప్పుకొనుటకు ఆమెకు చోటెక్కడ?

1950లో అమలునకు వచ్చిన మన రాజ్యాంగము, 311వ అధికరణమున, ప్రభుత్వోద్యోగిని శిక్షగా తొలగింపవలెనన్న మోపిన నేరమును తెలిపి, బదులు చెప్పుకొన నవకాశ మీయవలెనని సాధారణముగా విధించినది. ఏజెన్సీల మూలమున వచ్చినవారికి ఆ రక్షణము నేరుగా లభింపదు. అయినను 1957లో పర్షోత్తంలాల్ ధింగ్రా వ్యాజ్యెమున సుప్రీంకోర్టు, తాత్కాలికోద్యోగి విషయమునను ఉత్తరువులోని మాటలనే గాక దాని వెనుకనున్న శిక్షను చూడవలెనని చెప్పెను. 2024 ఆగస్టులో మధ్యప్రదేశమునకు చెందిన యొక కాంట్రాక్టు ఉద్యోగిని విషయమునను నింద మోపు తొలగింపును విచారణ లేనిదే నిలువనీయలేదు.

కాని కోర్టు గుమ్మ మెక్కగలవా రెందఱు? తెలంగాణమున 2020లో సమ్మెకట్టిన ఉపాధిహామీ ఫీల్డ్ అసిస్టెంట్లు 7,000కు పైగా తొలగింపబడిరి. 2022లో మరల తీసికొనబడిరి. కొలువు తిరిగి వచ్చినది. నడుమ గడచిన రెండేండ్ల తిండిని, పిల్లల చదువును తిరిగి యిచ్చువా రెవరు?

"ఒప్పందమునకు సమ్మతించి సంతకము చేసినది గదా" యని కొందఱందురు. ఆమె సమ్మతించినది గడువునకు, నిందకు గాదు. "ప్రజాధనముతో దోషులను పోషింపవలెనా?" యని మఱికొంద ఱందురు. వలదు. కాని దోషి యెవరో వినకయే తెలియుట యెట్లు? విచారణ దోషికి కవచము కాదు, అధికారి చేతి దీపము. అందుకు గొప్ప యేర్పాట్లు నక్కఱలేదు. నేరమును వ్రాసి యిచ్చుట, సాక్ష్యమును చూపుట, బదులు చెప్ప గడువిచ్చుట, ఫిర్యాదు చేసినవాడు గాక వేఱొకడు తీర్పు చెప్పుట, ఆ తీర్పునకు కారణము తెలుపుట: ఇవి చాలును. కొలది దినముల పని యిది.

ఇంతకును అధికారులు వేఱు లోకమునుండి రాలేదు. మన యిండ్లనుండియే పోయినవారు. ఇంటిలో నుంగరము కనబడని నాడు మన చూపు మొదట నెవరిపై పడును? పనిమనిషిపైననే. ఆమె నొక్కమాట యడుగకయే జీతపు లెక్క తేల్చి పంపివేయుదుము. తరువాత ఆ యుంగరము పరుపుక్రింద దొరకినచో, ఎందఱము ఆమె గుడిసెకు పోయి, నలుగురి యెదుట "తప్పు మాది" యని చెప్పుదుము? ఇంట చూచినదానినే బిడ్డలు నేర్తురు. పెద్దవారై ఆఫీసులలో కూర్చుండి దానినే చేయుదురు.

కావున ప్రభుత్వమును న్యాయ మడుగువారము, ఆ న్యాయమును మన గడపలోపలనే మొదట పాటింతము. వినక శిక్షించు నలవాటు ఇంట పోయిననాడు, ఆఫీసులో దానిని సహించుట మనకే కష్టమగును.