ఎవరి మొఱ్ఱ ఆలకించెను?

ధ్యాన భాగములు: నిర్గమకాండము 5:1–21, 12:12, కీర్తన 82

దేవతలు ఒకరితో నొకరు పోరాడు సినిమా చూచి వచ్చిన పిల్లలు సండేస్కూలులో అడుగు ప్రశ్న ఒకటి కలదు. "మన దేవుడు వాళ్లతో యుద్ధం చేస్తే ఎవరు గెలుస్తారండీ?" అని వారడుగుదురు. ఉపాధ్యాయులలో పలువురు తడుముకొనకుండ "మన దేవుడే" అని చెప్పి, ఆనాటి పాఠములోనికి పోవుదురు. ఆ జవాబు తప్పని మేము చెప్పము. అయితే ఆ ప్రశ్నయే సరియైనదా అని ఒక్క నిమిషము ఆగి ఆలోచింపవలెనని మా మనవి. దేవుని గూర్చి మనము మొదట ఏ ప్రశ్న అడుగుదుమో, మన భక్తియు ఆ దారినే నడచును.

2016వ సంవత్సరమున "గాడ్స్ ఆఫ్ ఈజిప్ట్" అను ఆంగ్ల చిత్రము విడుదలయ్యెను. దాని దర్శకుడు అలెక్స్ ప్రోయాస్ ఐగుప్తులోని అలెగ్జాండ్రియా పట్టణమున పుట్టినవాడే. ఆ పేరు వినగానే బైబిలు చదువువారికి పస్కా రాత్రి జ్ఞప్తికి వచ్చును. ఐగుప్తు దేవతలకందరికి తీర్పు తీర్చుదునని యెహోవా సెలవిచ్చినది ఆ రాత్రిని గూర్చియే. కాని ఈ చిత్రములో మోషే లేడు, ఇశ్రాయేలీయులు లేరు. దేవతలకును దేవతలకును నడుమ జరిగిన పోరాటమే ఇందలి కథ.

దేవతల యుద్ధములను తెరమీద చూచుట మన ఆంధ్రులకు క్రొత్త కాదు. తెలుగున మొదటి మాటల చిత్రము 1932లో వచ్చిన "భక్త ప్రహ్లాద". అంతకు మునుపే మన శ్రీకాకుళము, విజయనగరము పల్లెలలో తూర్పు భాగోతమును, తోలుబొమ్మలాటను జనులు తెల్లవార్లు కూర్చుండి చూచిరి. 1963లో కె.వి. రెడ్డిగారి దర్శకత్వమున "శ్రీకృష్ణార్జున యుద్ధము" వచ్చెను. అందులో రామారావుగారు కృష్ణుడు, నాగేశ్వరరావుగారు అర్జునుడు. గయుడను గంధర్వుని చంపెదనని కృష్ణుడు ప్రతిజ్ఞ చేయును. ఎవరివలన అపాయమో ఎరుగకయే అర్జునుడు వానికి అభయమిచ్చును. ఇచ్చిన మాటకొరకు బావమరదులిద్దరు ఎదురెదురుగ నిలుతురు. శరణన్నవానిని విడుచుటయా, ఆప్తుని విడుచుటయా అను ప్రశ్న చిన్నది కాదు. పొరుగువారు ప్రేమించు కథను చులకన చేయుట మనకు తగదు. అందులోని నీతిప్రశ్నను గుర్తించినంత మాత్రమున మన విశ్వాసమునకు లోటు కలుగదు.

ఇక ఐగుప్తు కథకు వత్తము. ఒసిరిస్ అను దేవతను అతని సహోదరుడైన సెత్ చంపెను. ఒసిరిస్ కుమారుడైన హోరస్ సింహాసనము తనదని వాదించెను. క్రీస్తుకు పూర్వము పండ్రెండవ శతాబ్దమున, ఐదవ రామెసేసు కాలములో వ్రాయబడిన పపైరసు చుట్టలో ఈ తగవు వివరముగ నున్నది. ఆ చుట్ట నేడు ఐర్లాండు దేశపు డబ్లిను పట్టణమున భద్రపరచబడియున్నది. విచిత్రమేమనగా, ఆ గ్రంథములో ఆ పోరు చాలవరకు కోర్టు వ్యాజ్యముగ సాగును. దేవతల సభలో ఎనుబది సంవత్సరములు గడచినను తీర్పు తేలదు. నడుమ ఇద్దరును నీటిగుఱ్ఱముల రూపము దాల్చి నీట మునుగుదురు, పడవల పందెము వేయుదురు. తుదకు సింహాసనము హోరస్‌కు దక్కును.

ఇది కాలక్షేపమునకు చెప్పుకొనిన కథ మాత్రమే కాదు. సింహాసనమెక్కిన ప్రతి ఫరోయు సజీవుడైన హోరస్ అని ఐగుప్తీయులు నమ్మిరి. పైలోకములో గెలిచిన దేవత క్రిందిలోకములో రాజై కూర్చుండెను. గెలిచినవాడు దేవుడు గనుక అతనికి ఎదురాడుట దైవద్రోహము. కావున ఆకాశమున ఎవరు గెలిచిరి అను కథ, భూమిమీద ఎవరికొరకు ఎవరు ఇటుకలు చేయవలెనో తేల్చు శాసనమాయెను.

2016 నాటి చిత్రములోను సెత్ గెలువగానే మనుష్యులు బానిసలగుదురు, కట్టడములు పైకి లేచును. చచ్చినవారు సహితము పరలోకమున ప్రవేశింపవలెనన్న బంగారము చెల్లింపవలెనని అతడు శాసించును. అయితే ఒకచోట ఆ చిత్రము మంచి మాట పలుకును. పోయిన కన్ను చేతికి చిక్కు గడియలో హోరస్ దానిని విడిచిపెట్టి, పడిపోవుచున్న మామూలు మనుష్యుని పట్టుకొనును. బలము అతనికి అప్పుడే తిరిగి వచ్చును. కోట్ల ధనము పోసి తీసిన యుద్ధములన్నిటి నడుమ, దేవుడనిపించుకొనుటకు గెలుపు చాలదని ఆ చిత్రమునకే తోచినట్లున్నది.

ఇప్పుడు నిర్గమకాండము తెరచి చూతము. 1956లో సెసిల్ డెమిల్ తీసిన "టెన్ కమాండ్‌మెంట్స్" చిత్రము ఫరోకు రామెసేసు అని పేరు పెట్టినది. పరిశుద్ధ గ్రంథము ఆ ఫరో పేరు చెప్పదు. పట్టణముల పేర్లు చెప్పినది గాని వాటిని కట్టించిన రాజు పేరు చెప్పలేదు. అయితే మొదటి అధ్యాయములోనే ఇద్దరు మంత్రసానుల పేర్లు వ్రాసియుంచినది. వారు షిఫ్రా, పూయా. మగబిడ్డలను చంపుమని రాజు ఆజ్ఞాపింపగా, దేవునికి భయపడి బిడ్డలను బ్రదుకనిచ్చిన స్త్రీలు వీరు. తన్ను దేవుడని పిలిపించుకొనిన రాజు పేరు లేనివాడాయెను. పురుడు పోసిన చేతులకు పేరు నిలిచెను. ఐగుప్తు దేవతలమీది తీర్పు అక్కడనే ఆరంభమైనదని మా తలంపు.

ఐదవ అధ్యాయము మరింత స్పష్టము. ఫరో గడ్డి ఇయ్యడు, ఇటుకల లెక్క తగ్గింపడు. లెక్క తప్పినందుకు ఇశ్రాయేలీయుల నాయకులే దెబ్బలు తినిరి. దేవుడు మోషేతో మొదట మాటలాడినప్పుడు తన బలమును గూర్చి చెప్పుకొనలేదు. తన జనుల బాధను చూచితిననియు, వారి మొఱ్ఱను వింటిననియు, వారిని విడిపించుటకు దిగివచ్చితిననియు చెప్పెను (3:7, 8). కీర్తన 82 చూడుడి. దేవతల సభలో నిలిచిన దేవుడు ఎవరు బలవంతులని అడుగడు. బీదలకును తలిదండ్రులు లేనివారికిని న్యాయము తీర్చితిరా అని అడుగును. ఆ పరీక్షలో తప్పినందుకే వారు మనుష్యులవలె చత్తురని తీర్పు చెప్పును.

ఈ మాట మన జిల్లాలకు దూరపు మాట కాదు. మన ఊళ్లనుండి ఎన్ని కుటుంబములు హైదరాబాదు, చెన్నపట్నములకు పోయి ఇతరుల మేడలు కట్టుచున్నవో మనమెరుగుదుము. మన జాలరులు వేటకొరకు గుజరాతు తీరమువరకు పోవుదురు. అట్లు పోయినవారిలో కొందరు 2018 నవంబరులో పాకిస్తానువారికి చిక్కి, 2020 జనవరిలో గాని విడుదల కాలేదు. ఇన్ని నెలలు తీరమున కనిపెట్టుకొనియున్న భార్యలకు, ఏ దేవుడు ఎవరిని గెలిచెనో తెలియుటవలన కలుగు ఆదరణ ఏమి? తమ మొఱ్ఱ వినువాడున్నాడా అనునదే వారి ప్రశ్న.

ఇక్కడ ఒక ఆక్షేపణ వచ్చును, దానిని దాటిపోరాదు. యెహోవాయు యుద్ధము చేసెను గదా? తిరుగలి విసరు దాసియొక్క జ్యేష్ఠపుత్రుడు సహా చనిపోయెను గదా (11:5)? ఆ దాసి ఫరో బానిసయే గాని ఫరో కాదు. ఈ వాక్యము చదివినప్పుడు గుండె బరువెక్కనివాడు దానిని సరిగా చదువలేదనియే మేమందుము. దీనికి పూర్తియైన సమాధానము మన చేతిలో లేదు. అయితే ఆ విడుదలను పొందిన జనులే దానిని ఎట్లు జ్ఞాపకము చేసికొనుచున్నారో చూడుడి. యూదులు పస్కా విందులో పది తెగుళ్ల పేర్లు చెప్పునప్పుడు ఒక్కొక్క దానికి ఒక్కొక్క బొట్టు ద్రాక్షారసము తమ పాత్రలోనుండి తీసివేయుదురు. ఇతరులు చనిపోయిరి గనుక మన సంతోషపాత్ర నిండుగ నుండరాదని దానికి అర్థము చెప్పుకొందురు. యెషయా ప్రవక్త ఇంకను ముందుకు పోయి, ఐగుప్తును దేవుడు నా జనమని పిలిచి ఆశీర్వదించు దినమును చూచెను (19:25). హేరోదు కత్తికి తప్పించుకొనిన శిశువైన యేసునకు ఆశ్రయమిచ్చినదియు ఐగుప్తే.

కావున నిర్గమకాండమును పొరుగువారిమీద ఊదు యుద్ధబూరగా చేసికొనువారు దానిని తలక్రిందులుగా పట్టుకొనినవారు. మన ప్రాంతమున క్రైస్తవులు కొద్దిమంది. ఒకే వీధి, ఒకే నుయ్యి, తరచుగ ఒకే కుటుంబములో రెండు విధముల ఆరాధన. మనకు దేవుడొక్కడే, ప్రభువొక్కడే అని పౌలు కొరింథీయులకు వ్రాసెను. ఆ ఒప్పుకోలును మనము ఒక అక్షరమైనను సడలింపము. కాని ఎఫెసులో అల్లరి లేచినప్పుడు ఆ పట్టణపు కరణము పౌలు సహచరులను గూర్చి ఏమని సాక్ష్యమిచ్చెను? వీరు మన దేవతను దూషించినవారు కారని (అపొ. కార్యములు 19:37). విగ్రహములు దేవుళ్లు కావని బోధించినవారే దూషణ చేయలేదని అన్యుడే సాక్ష్యము చెప్పగలిగెను. మనలను గూర్చి మన వీధివారు ఆ సాక్ష్యము చెప్పగలరా? సమరయ గ్రామముమీద అగ్ని కురిపింపుమందుమా అని అడిగిన యాకోబు యోహానులను ప్రభువు గద్దించెను. వారు అడిగినదియు దేవతల యుద్ధమే.

గెత్సేమనేలో ప్రభువు పండ్రెండు సేనల దూతలను పిలువగలిగియు పిలువలేదు. పేతురు కత్తిని ఒరలో పెట్టించెను. ఏ సినిమాకైనను పనికిరాని ముగింపు అది. అయినను 1978లో విజయచందర్ గారు నటించిన "కరుణామయుడు" చిత్రమును పల్లెపల్లెన తెరకట్టి చూపినప్పుడు, అన్ని మతములవారును కూర్చుండి చూచిరి. ఆ కథలో దేవుడు దెబ్బ కొట్టడు, దెబ్బ తినును.

నేటి ఐగుప్తులోను ఈ మార్గమున నడచినవారు కలరు. 2015 ఫిబ్రవరిలో, ఆ దేవతల చిత్రము విడుదలగుటకు సరిగ్గా ఏడాది ముందు, కూలిపనికై లిబియా దేశమునకు వలసపోయిన ఇరువదిమంది ఐగుప్తు క్రైస్తవులును, ఘానా దేశస్థుడొకడును సముద్రతీరమున చంపబడిరి. యేసు నామమును విడువనందున వారు ప్రాణములు విడిచిరి. వారిలో ఎక్కువమంది మిన్యా ప్రాంతపు బీద పల్లెవాండ్రు. వారి చేతిలో కత్తి లేదు, నోట శాపము లేదు. లోకము లెక్క ప్రకారము వారు ఓడిరి.

అట్లయిన ఇట్టి సినిమాలు చూడవచ్చునా అని అడుగుదురేమో. చూడరాదని నిషేధ పట్టిక వ్రాయుట మా పని కాదు. తలిదండ్రులు పిల్లలను ఒంటరిగ పంపక, తాము కూడ చూచి, ఇంటికి వచ్చిన తరువాత మూడు ప్రశ్నలు వేయుట మేలు. ఈ యుద్ధము ఎవరికొరకు జరిగెను? అది జరుగుచుండగా క్రింద నలిగినవారెవరు? గెలిచినవాడు వారికేమి చేసెను? ఈ ప్రశ్నలకు జవాబు వెదకిన బిడ్డ ఫరోను ఎక్కడ చూచినను గుర్తుపట్టును.

ఆ ప్రశ్నలను సంఘములోను వేసికొనవలెను. హోరస్, సెత్‌ల వ్యాజ్యము ఎనుబది సంవత్సరములు సాగెనని నవ్వుకొందుము. మిషను స్థలములకొరకు, కమిటీ పదవులకొరకు మనవారు కోర్టులలో గడుపు సంవత్సరములు ఎన్ని? రెండు పక్షములును దేవుడు తమవాడే అనును, గెలిచిన పక్షము కృతజ్ఞతారాధన జరిపించును. ఆ నడుమ సంఘములోని విధవరాలి యింటికి ఎవరు పోయిరి? వలసపోయిన తలిదండ్రుల బిడ్డ బడికి పోవుచున్నదో లేదో ఎవరు విచారించిరి? బలముగల దేవుడు మనవాడని చాటుకొనుటకంటె, మొఱ్ఱ ఆలకించు దేవుని పనిలో మన చేయి ఉన్నదా అని చూచుకొనుట కష్టము. అయినను ఆ దేవుడు మనలను పిలిచినది ఆ కష్టమునకే.

ఇటుకల బట్టీలయొద్దను, పడవలమీదను లేచు మొఱ్ఱకు మన చెవులను ప్రభువు తెరచును గాక. ఆమేన్.