మసి లేని మంట

కిరోసిన్ మండిన రాకెట్ ఇంజనులో మసి పేరుకుంటుంది. మీథేన్ మసి బహు స్వల్పం. కనుకనే అదే ఇంజనును మళ్ళీ మళ్ళీ వాడుకోవడం సులభం. 2023 జూలైలో చైనా రాకెట్ జుచ్యే-2 మీథేన్‌తో కక్ష్య చేరి ప్రథమస్థానం పొందింది. 2024 అక్టోబరు 13న అమెరికాలో స్పేస్‌ఎక్స్ వారి సూపర్ హెవీ బూస్టర్ తన 33 ఇంజనులతో ప్రయోగస్తంభపు చేతుల్లోకే తిరిగివచ్చింది.

మెచ్చవలసిన విజయమే. యంత్రమంటే ఘనీభవించిన శ్రమ. చాలాకాలం ఆ శ్రమను ఒక్కసారి వాడి సముద్రంలో పారవేశారు. ఆ వృథా తగ్గడం నైతికంగానూ మేలే.

కాని మిగిలిన శ్రమఫలం ఎవరి ఖాతాలో జమ అవుతుంది? ఇంజను అరుగుదలను ఇంత శ్రద్ధగా లెక్కించే విజ్ఞానం, దానిని బిగించిన మనిషి అరుగుదలనూ లెక్కించిన నాడే అభ్యుదయమవుతుంది. మసి మంటలో లేకుంటే చాలదు, పంపకంలోనూ ఉండరాదు.