వడ్డీ విడిచిపెట్టుదము

వాక్యభాగము: నెహెమ్యా 5:1-13



క్రీ. పూ. 445 ప్రాంతమున నెహెమ్యా యెరూషలేము గోడ కట్టించుచుండగా గోడ లోపలనే ఒక మొఱ్ఱ పుట్టెను. కరవు వచ్చెను. కొందరు ధాన్యము కొరకు పొలములను, ద్రాక్షతోటలను, ఇండ్లను కుదువపెట్టిరి. కొందరు రాజుగారి పన్ను కట్టుటకు అప్పుచేసిరి. బిడ్డలు దాసులైరి. కుదువ పట్టినవారెవరు? అన్యులు కారు, సహోదరులే.

మన సంఘములో ఒక కుటుంబమున్నది. వారికున్నది రెండెకరముల మెట్ట. కుమార్తె పెండ్లికి కొంత, వాన లేని ఏట విత్తనములకు కొంత అప్పు తెచ్చిరి. నూటికి నెలకు 3 రూపాయల వడ్డీ. ఏడాదికి 36. మూడేండ్లు నిండునప్పటికి వడ్డీయే అసలును మించును. నెహెమ్యా విడిచిపెట్టుమనిన నూరవ భాగము నెలకు నూటికి ఒకటియని పండితులు తలంచెదరు. మనది దానికి మూడింతలు!

ఆ తల్లి మాతో, "అయ్యగారూ, సంక్రాంతికి పొలము వ్రాసిమ్మనుచున్నారు. గట్టుమీది వేపచెట్టు మా మామగారు నాటినది" అని చెప్పి ఊరకుండెను. మేము ప్రార్థనచేసి వచ్చితిమి. త్రోవలో మనస్సాక్షి మమ్మును గద్దించెను. నోటు వ్రాయించుకొనినవారు మన సంఘస్థులే. కోతపండుగనాడు వారి ధాన్యపు బస్తాను సంతోషముతో అందుకొంటిమి. అప్పుపడినవారి కొరకు ప్రార్థించితిమి గాని అప్పిచ్చినవారితో ఒక్క మాటయు ఆడమైతిమి.

నెహెమ్యా పెద్దలను ఎదుటనే గద్దించెను. అంతటితో ఆగక, తానును తన వారును అప్పిచ్చినవారమేయని ఒప్పుకొని వారి వరుసలోనే నిలిచెను (10వ వచనము). అప్పుడు వారు పొలములు తిరిగి ఇచ్చెదమని ప్రమాణము చేసిరి. గోడ 52 దినములలో ముగిసెను. కాని పొలము పోగొట్టుకొనినవానికి గోడ వలన ఏమి కాపుదల?

మన సంఘనిధి సొమ్మును వడ్డీకి తిరుగుచున్నది. మొదట ఆ వడ్డీని విడిచితిమి, పెద్దలందరు సమ్మతించిరి. పిమ్మట ఆ సహోదరుని యింటికి వెళ్లితిమి. అతడు తలవంచుకొని వినెను, ఇంకను జవాబు చెప్పలేదు. అతని కొరకు ప్రార్థించుడి.

భూమి తనదని దేవుడు సెలవిచ్చెను (లేవీ. 25:23). మనమందరము ఆయన కౌలుదారులమే. అప్పిచ్చినవారలారా, ప్రభువు బల్లయొద్దకు వచ్చుటకు ముందు మీ పెట్టెలోని నోటును ఒకసారి తీసి చూడుడి. అప్పుపడినవారలారా, సిగ్గుపడి దాచకుడి, చదివి వినిపింపని కాగితముమీద వేలిముద్ర వేయకుడి, పెద్దలయొద్దకు రండి.

సంక్రాంతికి ఆ గట్టుమీద ఆ కుటుంబమే నిలుచునట్లు ప్రభువు మన హృదయములను మెత్తపరచును గాక. ఆమేన్.