గుడి గుమ్మంలో అసురులు

శ్రీశైలానికి తూర్పు ద్వారంగా పేరొందిన త్రిపురాంతకం మార్కాపురానికి ఈశాన్యంలో ఉంది. కుమారగిరి మీద త్రిపురాంతకేశ్వరుడు, దిగువన చెరువులో బాలాత్రిపురసుందరి కొలువై ఉన్నారు. త్రిపుర సంహారం ఈ క్షేత్రానికి మూలగాథ. తారకాసురుని కొడుకులు తారకాక్షుడు, కమలాక్షుడు, విద్యున్మాలి బ్రహ్మ వరంతో మయుడి చేత మూడు పురాలు కట్టించుకున్నారు. స్వర్గాన బంగారు పురం, అంతరిక్షాన వెండి పురం, భూమి మీద ఇనుప పురం. మూడూ కోరిన చోటికి కదిలిపోయేవే. వెయ్యేళ్లకోసారి అవి ఒక్కచోట కలిసినప్పుడు ఒకే బాణంతో కూల్చగలిగినవాడి చేతిలోనే వాళ్లకు చావు. అందుకని శివుడికి భూమి రథమైంది, సూర్యచంద్రులు చక్రాలయ్యారు, మేరువు విల్లయింది, విష్ణువే బాణమయ్యాడు.

జపాన్ సినిమాల్లోని భారీ మృగాలు, మరమనుషుల పోరాటాలు ఎరిగినవారికి ఈ కథ కొత్తగా తోచదు. 1954 నాటి ‘గాడ్జిల్లా’లో సముద్రగర్భంలోని మృగాన్ని లేపింది హైడ్రోజన్ బాంబు పరీక్షలు. ఆ ఉత్పాతానికి మూలం మనిషే. త్రిపుర కథలోనూ దోషం ఎవరిదో తేల్చడం సులువు కాదు. శివపురాణం ప్రకారం ఆ ముగ్గురూ శివభక్తులు. ధర్మం తప్పనంతకాలం వాళ్లను చంపడానికి వీల్లేదు. దాంతో విష్ణువు ఒక మాయాగురువును సృష్టించి వాళ్లను దారి తప్పించాడు. దేవతల పక్షాన జరిగిన ఈ మోసాన్ని పురాణం దాచలేదు. అది దాని నిజాయితీ. పురాలు తగలబడ్డాయి కానీ, భక్తుడైన మయుడు మాత్రం ఆ మంటల్లోంచి బతికి బయటపడ్డాడు. అంటే శిక్ష అధర్మానికే గాని, అసుర జన్మకూ యంత్రం కట్టిన నేర్పుకూ కాదు.

భయంకరమైనదాన్ని ఏం చేయాలన్న ప్రశ్నకు చంపడం ఒక్కటే జవాబు కాదు. గుళ్లలో మకరతోరణం నడినెత్తిన కనిపించే కీర్తిముఖాన్నే చూడండి. గుడ్లు ఉరిమి, కోరలు బయటపెట్టి, కింది దవడ లేకుండా ఉంటుంది. స్కాందపురాణంలో దాని కథ ఉంది. జలంధరుడి దూతగా వచ్చిన రాహువును మింగడానికి శివుడి కోపంలోంచి ఒక భూతం పుట్టింది. రాహువు శరణు వేడాడు. ఆకలి తాళలేని భూతం ఏం తినాలని అడిగితే, నిన్ను నువ్వే తిను అన్నాడు శివుడు. అది కాళ్లతో మొదలుపెట్టి, తల ఒక్కటి మిగిలేదాకా తన ఒళ్లంతా తినేసింది. మెచ్చిన శివుడు దానికి తన గుమ్మం మీద శాశ్వతంగా చోటిచ్చాడు.

వైష్ణవంలో దారి ఇంకోలా నడిచింది. గిద్దలూరు నుంచి నల్లమల దాటితే అహోబిలం. అక్కడ నరసింహుడు చీల్చిన హిరణ్యకశిపుడు శాపం తగిలిన వైకుంఠ ద్వారపాలకుడే. జయవిజయుల జంటలో ఒకడు. మూడు జన్మలు శత్రువుగా పుట్టి, తిరిగి వాకిటికే చేరాడు.

బౌద్ధంలో హారీతి ఉంది. పిల్లల్ని తినే యక్షిణి ఆమె. బుద్ధుడు ఆమె చిన్నకొడుకును భిక్షాపాత్ర కింద దాచాడు. బిడ్డ కనబడక తల్లడిల్లినప్పుడు ఇతర తల్లుల బాధ ఆమెకు తెలిసివచ్చింది. అప్పటినుంచి పిల్లల్ని కాపాడే తల్లి అయింది. ఇక్ష్వాకుల కాలంలో, నల్లమలకు ఉత్తరాన నాగార్జునకొండలో, ఆమెకు గుడి ఉండేది. జపాన్‌లో ఆమెను కిషిమోజిన్ పేరుతో నేటికీ కొలుస్తున్నారు. రెండు దేశాల భక్తుల్ని కలిపే సాక్ష్యాల్లో ఇదొకటి.

జపాన్ గుడిలో ఇలాంటి చోటును యంత్రాలకూ ఇచ్చింది. సోనీ సంస్థ 1999లో తెచ్చిన ‘ఐబో’ అనే మరకుక్క పాడైతే బాగుచేసే సేవ 2014లో ఆగిపోయింది. ఆ తర్వాత చిబా ప్రాంతంలోని కోఫుకుజి అనే బౌద్ధాలయంలో పూజారులు పాడైన ఐబోలకు అంత్యక్రియల మంత్రాలు చదివారు. మట్టిలో, రాతిలో ప్రాణప్రతిష్ఠ చేసుకునే తెలుగువారికి ఇది వింతగా తోచనక్కర్లేదు.

త్రిపురాంతకం వెళ్లినా, అహోబిలం వెళ్లినా, వాకిట నిలిచిన ద్వారపాలకుల్నీ తోరణం మీది కీర్తిముఖాన్నీ వెంట ఉన్న పిల్లలకు చూపించి, వాటి కథ చెప్పాకే లోపలికి తీసుకెళ్లండి.