భయాన్ని ఒకరికి అప్పగించి

న్యూజిలాండ్‌లో రోటొరువా ఊరికి కాస్త దూరంలో వై-ఓ-తాపు అనే చోట ఒక గీజర్, అంటే ఉండుండి పైకి చిమ్మే వేడినీటి ఊట, ఉంది. పేరు లేడీ నాక్స్. రోజూ ఉదయం 10:15కి ఎగజిమ్ముతుంది. వానొచ్చినా పండగొచ్చినా అదే వేళ. భూమికి గడియారం చూడటం ఎవరు నేర్పారా అని అబ్బురపడుతూ కూర్చుంటాం. ఇంతలో ఓ ఉద్యోగి వచ్చి, నాలుగు మాటలు చెప్పి, తెల్లగా మొనదేలి ఉన్న దాని నోట్లో ఇంత సబ్బుపొడి పోస్తాడు. లోపల అడుగున మరిగే నీరు, దానిమీద చల్లటి నీరు విడివిడిగా ఉంటాయట. సబ్బు పడి తలతన్యత తగ్గేసరికి రెండూ కలిసిపోతాయి. ముందు నురగ వస్తుంది. ఆ వెనకే 20 మీటర్ల దాకా ధార లేస్తుంది. దాని మానాన దాన్ని వదిలేస్తే తనకు తోచినప్పుడే లేస్తుంది, అందుకు ఒక్కోసారి రోజులు పట్టవచ్చు. టూరు బస్సులకు అంత తీరిక ఎక్కడిది?

ఈ కిటుకు శాస్త్రవేత్తలది కాదు, ఖైదీలది. 1901లో అక్కడ చెట్లు నాటే పనికి తెచ్చిన ఖైదీలు, ఊరికే వేడినీళ్లు దొరికాయి కదా అని బట్టలు ఉతుక్కోబోయారట. సబ్బు తగలగానే ఊట తిరగబడి బట్టల్ని గాల్లోకి విసిరికొట్టింది. ఆ తర్వాత దాని చుట్టూ రాళ్లు పేర్చి ధార మరింత ఎత్తుకు లేచేలా చేశారు. గవర్నరుగారి అమ్మాయి పేరూ పెట్టారు. మొదట ఉలిక్కిపడి పరుగెత్తిన ఆ ఖైదీల పేర్లు మాత్రం ఏ బోర్డు మీదా లేవు.

ధార లేవగానే చప్పట్లు మోగాయి. నేనూ కొట్టాను. చుట్టూ చూస్తే ఒక్క ముఖంలోనూ భయం లేదు. తోలు ఊడగొట్టగలిగే వేడినీరు కళ్లముందే ఎగిరిపడుతుంటే పిల్లల్ని భుజాలమీద ఎక్కించుకుని ఫొటోలు తీసుకుంటున్నాం. అదేమీ ధైర్యం కాదు. టికెట్టు కొన్న క్షణానే మా భయాన్ని టూరు వాళ్లకు అప్పగించేశాం. ఆక్లాండ్ నుంచి చీకటితోనే బయల్దేరిన బస్సులో గైడు మైకు అందుకుని చెప్పిన మొదటి మాటలు కూడా ఆ అప్పగింతల పత్రంలాగే ఉన్నాయి: బాట దిగొద్దు, కమ్మీ దాటొద్దు, నీళ్లు ముట్టుకోవద్దు, గట్టిగా కనిపించే నేల గట్టిది కాకపోవచ్చు. అందరం తలలూపాం. నా పక్కన కూర్చున్న మేనకోడలు, “మామయ్యా, నువ్వు ఫొటో కోసం వెనక్కి నడిచే అలవాటు కాస్త మానుకో” అంది. బస్సు మొత్తంలో నా గురించి ఎవరైనా ఇంకా సొంతంగా భయపడుతున్నారంటే అది తనొక్కతే.

గైడు ఉన్నది దారి చూపించడానికి అనుకుంటాం. దారికైతే బోర్డులు చాలు. గైడు అసలు పని మన తరఫున భయపడటం. మనం వింతపడుతూ నడవాలంటే, ఎక్కడ ఆగాలో ఎప్పుడు వెనక్కి తిరగాలో మనకు బదులు ఎవరో ఒకరు పట్టించుకుంటూ ఉండాలి. ఆ పని ఎంత బాగా జరిగితే అంతగా అది మన కంటికి కనబడదు.

రోటొరువాలో బస్సు తలుపు తెరవగానే కుళ్లిన గుడ్ల వాసన ముఖానికి కొడుతుంది. హైడ్రోజన్ సల్ఫైడ్. కాసేపటికి ఆ వాసన తగ్గిపోయిందనిపిస్తుంది. తగ్గేది వాసన కాదు, అలసిపోయేది ముక్కు. ఈ వాయువు ఎక్కువైన చోట ముక్కు పూర్తిగా మొద్దుబారిపోతుంది. అంటే వాసన తెలియడం లేదు కదా అని ప్రమాదం లేదనుకోవడానికి లేదు. గాలి ఆడని గదుల్లోకి ఈ వాయువు చేరి ఆ ఊళ్లో మనుషులు చనిపోయిన సందర్భాలున్నాయి. ప్రకృతి మనకిచ్చిన కాపలాదారు కూడా ఓ హద్దు దాటాక నిద్రపోతాడన్నమాట. అక్కడి నుంచి కొలిచే పరికరాన్ని నమ్మాలి, లేదా ఆ పరికరం చూసే మనిషిని నమ్మాలి.

వై-ఓ-తాపులో అందరూ చూడటానికి వచ్చేది షాంపేన్ పూల్ అనే మడుగు. దాదాపు 65 మీటర్ల వెడల్పు, అంతే లోతు. నీరు 74 డిగ్రీల వేడిలో ఉంటుంది. కార్బన్ డయాక్సైడ్ బుడగలు సన్నగా పైకి వస్తుంటాయి. ఆకుపచ్చటి నీటి చుట్టూ పసుపుపారాణి పూసినట్టు నారింజరంగు అంచు. ఆ రంగు ఆర్సెనిక్, యాంటిమనీ సల్ఫైడ్లది. అంత అందం పాషాణం పెట్టిన భిక్ష. దాని పక్కన పరుచుకున్న తెల్లటి సిలికా తిన్నెమీద చెక్కబాట వేశారు. ఆవిరి కమ్మేసి ముందు నడిచే మనిషి మాయమైపోతాడు, గాలి తిరిగితే మళ్లీ ప్రత్యక్షమవుతాడు. మరికొంత దూరంలో బురదమడుగు. దాని ముందు నేను అందరికంటే ఎక్కువసేపు నిలబడ్డాను. రంగుల మడుగులు ఫొటోల్లో ఎంతో బాగుంటాయి, బురద మాత్రం అక్కడ నిలబడి వింటేనే బాగుంటుంది.

మనకూ ఇలాంటి నేల ఉంది. కొవ్వూరు దగ్గర పంగిడి క్వారీల్లో తవ్వే నల్లరాయి ఒకప్పటి లావా. 6.5 కోట్ల ఏళ్ల కిందట పడమటి కనుమల వైపు నుంచి దాదాపు 1000 కిలోమీటర్లు ప్రవహించి గోదావరి దాకా వచ్చిందని కొందరు భూగర్భశాస్త్రవేత్తలు అంటారు. ఆ కంకరే రోడ్డుమీద పరుచుకుని దానిమీద బస్సుల్లో తిరుగుతున్నాం. చాలా కాలం గడిచాక భయానికి కూడా కాలదోషం పట్టి కంకర రేటు కింద మారిపోతుంది.

రోటొరువాలో మాత్రం ఇంకా పట్టలేదు. 1886 నాటికే ఇక్కడికి ఇంగ్లండు నుంచి జనం వచ్చేవారు. తారవేరా కొండ దగ్గర రోటోమహానా సరస్సు ఒడ్డున సిలికా పేరుకుని మెట్లుమెట్లుగా ఏర్పడిన గులాబీ, తెలుపు సోపానాలను చూడటానికి నెలల తరబడి ఓడల్లో ప్రయాణం చేసేవారు. వాళ్లను తీసుకెళ్లే గైడు సొఫియా హినెరంగి. తల్లి మావోరి, తండ్రి స్కాట్లాండ్ వాడు. ఆ ఏడాది మే 31న పర్యాటకులతో రేవుకు వచ్చేసరికి వాగులో నీరు లేదు, పడవలు బురదలో కూర్చున్నాయి. కాసేపటికి నీరు ఒక్కసారిగా తిరిగి పొంగింది. సరస్సు మీదికి వెళ్లాక దూరాన ఓ పెద్ద యుద్ధపడవ కనిపించిందని, అలాంటి పడవ ఆ సరస్సులో లేనేలేదని పడవలోని మావోరీలూ తెల్లవాళ్లూ కూడా తర్వాత చెప్పారు. ఆ పడవ సంగతి ఎవరి నమ్మకం వాళ్లది. నన్ను పట్టుకున్నది వాగు. సొఫియా ఆ వాగును రోజూ చూసిన మనిషి. ఎండినప్పుడు ఎండిందని, పొంగినప్పుడు పొంగిందని ఆమెకు తెలిసినట్టు బస్సులో వచ్చి పోయే నాకు తెలియదు.

జూన్ 10 తెల్లవారకముందే తారవేరా 17 కిలోమీటర్ల పొడవున చీలిపోయింది. సోపానాలు మాయమయ్యాయి. సుమారు 120 మంది చనిపోయారు. దాదాపు అందరూ మావోరీలే. తె వైరోవా ఊరు వేడి బురద కింద పూడిపోయింది, హోటల్లో బస చేసిన ఇంగ్లండు కుర్రాడొకడు కూడా పోయాడు. ఏటవాలు కప్పుతో, గట్టి కలపతో కట్టిన సొఫియా ఇంట్లో 60 మందికి పైగా తలదాచుకుని బతికారు.

ఆ ఊరి సభామందిరం హినెమిహిలో చెక్కిన బొమ్మల కళ్లకు చిప్పలు పెట్టడం ఆనవాయితీ. పర్యాటకుల డబ్బు వచ్చాక బంగారు సావరిన్లు పొదిగారు. ఇక్కడే అసలు ముడి ఉంది. మన తరఫున భయపడాల్సిన మనిషికి మనం రావడమే బతుకుతెరువు. ఈ రోజు వెళ్లొద్దు అంటే ఆ పూట కూలి పోతుంది. అంటే మన భయాన్ని దాచిపెట్టమని ఇచ్చిన చేతిలోనే దాన్ని తగ్గించుకోవలసిన అవసరాన్నీ పెట్టి వస్తున్నాం.

2019 డిసెంబర్ 9న మధ్యాహ్నం 2:11కి ఫకారి అనే అగ్నిపర్వత ద్వీపం పేలినప్పుడు దానిమీద 47 మంది ఉన్నారు. రోజు టూరుకు వచ్చినవాళ్లు, వాళ్లను తెచ్చిన గైడ్లు. 22 మంది చనిపోయారు. అందులో ఇద్దరు గైడ్లు. దానికి మూడు వారాల ముందే, నవంబర్ 18న, హెచ్చరిక స్థాయిని రెండుకు పెంచారు. విస్ఫోటనం మొదలవకముందు ఉండగల స్థాయిల్లో అదే పైది. ఆ అంకె రహస్యమేమీ కాదు. కానీ బిలం అంచుదాకా నడిచే ప్రయాణికుడికి దాన్ని తన భయంగా మార్చుకోవడం తెలియదు. రెండు అంటే ఎంత? అయిదులో రెండు అంటే మనకు సగానికి తక్కువే. పరీక్ష మార్కులతో పెరిగిన బుర్రలకు అది బెంగపడాల్సిన అంకెలా కనిపించదు. తప్పెవరిదన్నది కోర్టులు చూసుకుంటాయి. నాకు అడగాలనిపించింది వేరు. భయం అనేది పూర్తిగా అప్పగించగలిగిన వస్తువేనా? సగమైనా మన దగ్గరే ఉంచుకోవాలంటే అందుకు కావలసిన తెలివి ఒక్కపూట ప్రయాణంలో ఎక్కడినుంచి వస్తుంది?

మధ్యాహ్నం ఫకారెవరెవ గ్రామానికి వెళ్లినప్పుడు ఆ తెలివి ఎలా ఉంటుందో కొంచెం తెలిసింది. ఇది ప్రదర్శనశాల కాదు, మనుషులు కాపురముంటున్న ఊరు. తారవేరా తర్వాత నిలువనీడ కోల్పోయిన తూహోరాంగి జనం ఇక్కడ చేరారు. సొఫియా కూడా వచ్చి ఇక్కడే గైడుగా కొనసాగింది. ఆమె తర్వాతి తరం గైడు మాకెరెటి, ఆక్స్‌ఫర్డ్‌కు వెళ్లి తన జాతి జీవితం గురించి గ్రంథం రాసింది. 1930లో ఆమె పోయాక, 1938లో అది అచ్చయింది. గైడు అంటే వల్లెవేసిన పాఠం అప్పజెప్పే మనిషి అనుకునేవాళ్లు ఈ ఇద్దరి గురించీ చదవాలి.

ఆ ఊళ్లో ఇళ్ల మధ్యలోనే నేల పొగలు కక్కుతుంటుంది. ఆవిరి వచ్చే రంధ్రంమీద చెక్కపెట్టె అమర్చి అందులో కూరలూ మాంసమూ పెట్టి మూత వేస్తారు. మరిగే మడుగులోకి మొక్కజొన్న పొత్తుల సంచి దించుతారు. పొత్తు తిన్నాను, ఉప్పు వెయ్యకపోయినా కాస్త ఉప్పగానే అనిపించింది. సాయంత్రాలు అందరూ కలిసి స్నానం చేసే తొట్లున్నాయి. సమాధులు నేలమీదే కట్టారు, ఆ నేలలో గొయ్యి తవ్వడానికి లేదు మరి. మాకు ఊరు చూపించినావిడ అక్కడే పుట్టి పెరిగింది. కొత్తగా ఎక్కడ ఆవిరి తన్నితే అక్కడ కంచె జరుపుకుంటామని, మా వాకిళ్లు మేం గీసుకున్నవి కావని నవ్వుతూ చెప్పింది. మేనకోడలు అడిగింది, పిల్లలకు భయం లేదా అని. “ఎందుకు లేదు? నడక కంటే ముందు అదే నేర్పుతాం” అందావిడ.

వాళ్ల పురాణంలో ఈ వేడి శిక్ష కాదు. ఙాటోరోఇరాంగి అనే పూర్వీకుడు టోంగరీరో కొండమీద చలికి కొయ్యబారిపోతూ, సముద్రాల అవతల హవాయికీలో ఉన్న అక్కచెల్లెళ్లను నిప్పు తెమ్మని కేకేశాడు. వాళ్లు నేల కిందుగా నిప్పు మోసుకొస్తూ దారిలో ఎక్కడెక్కడ తలెత్తి చూశారో అక్కడల్లా వేడిఊటలు పుట్టాయి. ఫకారి కూడా వాళ్లు తలెత్తిన చోటే. సాయంగా వచ్చిన నిప్పే చంపగలదన్న ఎరుక ఆ కథలో ఉంది. పసిఫిక్ ఫలకం పక్కదాని కిందికి దిగుతోందన్న శాస్త్రం నాకు ఎందుకు వేడో చెప్పింది. ఆ వేడి పక్కన ఎలా కాపురముండాలో ఈ కథ చెప్పింది. నాకు రెండూ కావాలి.

తీరా అక్కడ విన్న ఇంకో సంగతి నా ఆలోచనను తలకిందులు చేసింది. ఫకారెవరెవలో పొహుటు అనే గీజర్ 30 మీటర్ల దాకా లేస్తుంది. 1970ల్లో దాని చుట్టుపక్కల గీజర్లు ఒక్కొక్కటే నీరసించాయి. పాపకురా అనేది 1979లో ఆగిపోయింది. కారణం కింద ఏదో ఉత్పాతం కాదు. ఊళ్లో ఇళ్లకూ హోటళ్లకూ వేడి కోసం వేసిన వందల బోర్లు. చివరికి 1986-87లో ప్రభుత్వం పొహుటుకు 1.5 కిలోమీటర్ల లోపలి బోర్లన్నీ మూయించింది. జనం గొడవ చేశారు, ఎవరింటి వేడినీళ్లు పోతే వాళ్లకు కోపం రాదా? గీజర్లు నెమ్మదిగా కోలుకున్నాయి. మూడు దశాబ్దాలు దాటాక పాపకురా కూడా లేచింది. వైరాకెయ్ అనే మరో చోటి అదృష్టం అంత బాగాలేదు. అక్కడ 1958లో భూతాప విద్యుత్కేంద్రం మొదలైంది. 1960ల చివరికి పక్కనున్న గీజర్ లోయ చల్లారిపోయింది.

పొద్దుటినుంచీ నేను లెక్కవేస్తున్నది నేల మనల్ని ఏం చేస్తుందోనన్న భయం. దానికి గైడు ఉన్నాడు, కమ్మీ ఉంది, హెచ్చరిక స్థాయి ఉంది. మనం దాన్ని ఏం చేస్తామోనన్న భయాన్ని ఎవరికి అప్పగించాలి? ఆ పని మీద జీతమిచ్చి ఎవర్నీ పెట్టుకోం. అక్కడ పొహుటు పక్కన ఊరుంది, ఊళ్లో తరతరాలుగా గైడ్లున్నారు, గీజర్ ఆగితే కడుపు మాడేది వాళ్లదే. బతుకుతెరువు భయాన్ని తగ్గిస్తుందని ఇందాక అన్నాను. ఇక్కడ అదే బతుకుతెరువు భయాన్ని నిలబెట్టింది.

మణుగూరు దగ్గర పగిడేరులో నేలకింది వేడినీటితో కరెంటు తీయడానికి సింగరేణి సంస్థ 20 కిలోవాట్ల చిన్న ప్రయోగ కేంద్రం పెట్టింది. అది అగ్నిపర్వతపు వేడి కాదు, గోదావరి లోయలో లోతుకు దిగి కాగి వచ్చే నీరు. భద్రాచలం దగ్గర గుండాలలో యాత్రికులు ఏటి ఇసుక చెలమ తీసి చూసే వెచ్చదనం కూడా అదే లోయది. ఈసారి ఊరికి వెళ్లినప్పుడు పగిడేరు చూడాలనుకుంటున్నాను. అక్కడికి టూరు బస్సు ఉండదు, ఎవరినైనా పట్టుకుని అడిగి వెళ్లాలి. చల్లబడ్డ నీటిని మళ్లీ లోపలికి పంపుతున్నారా, పైకి వదిలేస్తున్నారా? చుట్టుపక్కల ఊటల మట్టం ఎవరైనా రాసిపెడుతున్నారా? ముందు ఈ రెండూ అడగాలి.