ద్రాక్షతోట, పొరుగువాని బావి

పొరుగువాని ద్రాక్షతోటలోనికి వెళ్లినవాడు ఆకలి తీర తినవచ్చునని, గంపలో నింపుకొని పోరాదని ద్వితీయోపదేశకాండము 23వ అధ్యాయమున ఒక కట్టడ యున్నది. అది యజమానుని హక్కును కొట్టివేయలేదు. ఆకలిగొన్నవానిని కంచె బయట నిలువబెట్టనూ లేదు. కడుపునకును గంపకును నడుమ హద్దు పెట్టినది. పండునుగూర్చిన ఆ కట్టడను మన అనంతపురపు మెట్టలో నీటినిగూర్చి అడిగి చూతము.

ఇక్కడ ఏడాదికి సగటున 550 మిల్లీమీటర్ల వానయే. భూమిలో ఇంకిన కొద్దిపాటి నీరు రాతి పగుళ్లలో నిలుచును. ఆ పగుళ్లు గట్టు చూచి ఆగవు. ఒకడు లోతుగా బోరు వేసి మోటారు ఆడించగా పక్కచేనివాని బావిలో అడుగు తేలవచ్చును. ఇది దొంగతనమా? అతడు గట్టు దాటలేదే! తన నేలలోనే, అప్పు తెచ్చి మరీ వేయించెను.

ద్రాక్ష సంగతి వేరు. వేరుసెనగ ఎండినయెడల ఆ యేటి పంట పోవును. తీగ ఎండినయెడల పందిరికి పెట్టిన సొమ్మంతయు పోవును. దక్కనులో తీగను ఏటికి రెండుమార్లు కత్తిరింతురు. అక్టోబరు కత్తిరింపు పండ్ల కొరకు, ఏప్రిల్ కత్తిరింపు కొత్త కొమ్మల కొరకు. వచ్చే పంట గుత్తులు ఆ కొమ్మల మొగ్గలలోనే రూపు దిద్దుకొనును. కనుక కుళాయి యొద్ద బిందెలు బారులు తీరు ఎండలలోనే తీగకును దాహము. పండులో నూటికి ఎనుబది పాళ్లు నీరే; పెట్టెలకెక్కి పట్టణమునకు పోవునది ఆ నీరే.

తోటవాడు దుర్మార్గుడని నేననను. బిందుసేద్యము పెట్టి చుక్కచుక్క లెక్కించువాడతడు. బజారులో కొని తినువాడు ఆ లెక్క ఎరుగడు. అయినను "నా నేల, నా నీరు" అను మాట నాకు మ్రింగుడుపడదు. నేల నీదే. నేడు నీ బోరులోనికి వచ్చిన నీరు నిన్న ఎవని చేని క్రింద నుండెను?

2002 నాటి ఆంధ్రప్రదేశ్ నీరు, భూమి, చెట్ల చట్టము ప్రజల తాగునీటి ఆధారమునకు 250 మీటర్ల లోపల అనుమతి లేక బోరు వేయరాదనెను. మంచిదే. పొరుగువాని రెండు ఆవుల తొట్టి ఆ కొలతలోనికి రాదు. ఇస్సాకు జగడము వచ్చిన రెండు బావులు విడిచి మూడవది త్రవ్వుకొనెను. మనకు తరలిపోవుటకు వేరు నేల యెక్కడిది?

ఏప్రిలులో పక్కబావి ఎండిన నాడు, తోటకు నీరు విడువకమునుపు ఆ తొట్టికి ఒక గంట విడిచిన ఏమగును? వచ్చే యేట గుత్తులు కొన్ని తగ్గవచ్చును. ఆ నష్టము తోటవాడొక్కడే మోయవలెనా, పందిరి క్రింద కూలి చేసికొను మనమును పంచుకొనవలెనా? వేసవి రాకమునుపే మీ సంఘపెద్దలు అతనిని పిలిచి, కూర్చుండబెట్టి అడుగుడి.